మారిషసు ద్వీపపు చిలుకలు



చిలుకను గూర్చి తెలుగువారికి వేఱుగ చెప్పనక్కఱలేదు. మన్మథుని వాహనము చిలుక. మన జొన్నకంకులను కొఱికి పాడుచేయునదియు చిలుకయే. నేను నేడు చెప్పబోవునది మన చిలుకల కథ కాదు. హిందూమహాసముద్రమున, మడగాస్కరునకు తూర్పుగా, నాలుగు దిక్కుల నీరు తప్ప మఱేమియు కానరాని మారిషసు ద్వీపపు చిలుకల చరిత్రము. ఆ ద్వీపము మనకు బొత్తిగా పరాయిది కాదు. 1834 మొదలుకొని చెఱకుతోటల పనికై మన దేశమునుండి లక్షలకొలది జనులచ్చటికి పోయిరి. కోరంగి రేవున ఓడ యెక్కిన తెలుగువారిని అచ్చటివారు కొరింగీలని పిలిచిరి.

1598లో డచ్చివారు దిగునాటికి ఆ దీవిలో మనుష్యులు లేరు. పిల్లి లేదు, ముంగిస లేదు, కోతి లేదు. గబ్బిలములు తప్ప పాలిచ్చి పిల్లలను సాకు జంతువేదియు ఆ దీవికి సొంతమైనది లేదు. అట్టి చోట పెరిగిన పక్షికి భయమెట్లు తెలియును? డోడో యను పెద్ద పక్షి ఎగురుటయే మఱచెను. దాని మాట చాలమంది వినియేయుందురు. దాని ప్రక్కనే మూడు జాతుల చిలుకలుండెనని తెలిసినవారు తక్కువ.

వానిలో మొదటిది పెద్దముక్కు చిలుక. పెద్ద తల, నుదుట ఈకల కుచ్చు, గట్టి గింజలను పగులగొట్టగల వెడల్పాటి ముక్కు. డచ్చి నావికులు దీనిని ఇండియా కాకి యని వ్రాసికొనిరి! పేరు తప్పుగ పెట్టినచో వస్తువే మఱుగుపడునని మా గురువుగారు వ్యాకరణము చెప్పునపుడు హెచ్చరించెడివారు. ఇచ్చట నట్లే జరిగినది. కాకి యని చదివినవారికి చిలుక తట్టలేదు. 1666కును 1669కిని నడుమ అచ్చట నుండిన ప్రిటోరియసు అను డచ్చివాడు మాత్రము దీని స్వభావమును వ్రాసినాడు: మిక్కిలి కోపిష్ఠి యనియు, పట్టి పంజరమున పెట్టినచో మేత ముట్టక ప్రాణము విడుచుననియు. ఆ శతాబ్దము ముగియకముందే ఆ జాతి నశించెను. ఓడలతో దిగిన ఎలుకలు, పందులు, కోతులు గూళ్లను దోచుకొనగా, మిగిలిన వానిని మనుష్యులు తినిరి.

తరువాత దాని జాడ దొరకిన విధము వినదగినది. మహేబూరు పట్టణమున జార్జి క్లార్కు అను బడిపంతులుండెను. డోడో యెముకలకై ఆయన యేండ్ల తరబడి వెదకుచుండెను. 1865లో రైలుదారి ప్రక్క మార్ ఓ సోంజ్ అను బురదమడుగులో మన్ను త్రవ్వు కూలీలకు ఎముకలు దొరకగా వారు వానిని కుప్పలు పోసిరి. ఆ సంగతి తెలిసి క్లార్కు మనుష్యులను మడుగు నడుమకు దింపించెను. మూడడుగుల నీటిలో వారు వట్టికాళ్లతో బురదను తడవి, పాదమునకు తగిలిన యెముకలనెల్ల పైకి తీసిరి. ఆనాడు ఆ ద్వీపమున కూలీలనగా నెక్కువమంది మన దేశమువారే. క్లార్కు పేరు గ్రంథముల కెక్కినది. ఆ పాదములు గలవారి పేర్లు నేను చదివినంతలో ఎచ్చటను లేవు.

డోడో యెముకల నడుమ నొక చిలుక క్రింది దవడ యుండెను. లండనులో రిచర్డు ఓవెను పండితుడు 1866లో దానిని పరీక్షించి క్రొత్తజాతి యని ప్రకటించెను. రెండేండ్ల పిమ్మట, 1601లో ఆ దీవి కేగిన గెల్డర్లాండు ఓడ దినచర్యలో పేరులేని సిరాబొమ్మ నొకదానిని ష్లెగెలు అను పండితుడు చూచి, ఆ దవడ యీ పక్షిదే యని గుర్తించెను. శాసనమొక యూరను, దాని ముక్క మఱియొక యూరను దొరకి రెండును కలిసినట్లయ్యెను.

రెండవది బూడిదవన్నె చిలుక. దీని నాశనము తలచిన మనసు కలగును. ఒకదానిని పట్టి నొప్పించి అఱపించినచో తక్కినవి గుంపుగా వచ్చి చేరెడివట. వేటకాండ్రు వానిని కూడ పట్టెడివారు. పదునెనిమిదవ శతాబ్దపు నడిమి భాగము దాటిన పిమ్మట దీనిని చూచితిమన్నవారు లేరు.

మూడవది ఆకుపచ్చ చిలుక. ఇది మన రామచిలుకకు దగ్గఱి చుట్టము. మగదానికి మెడపట్టెయు నట్టిదే. చెఱకుకొఱకు అడవి నఱకగా తొఱ్ఱలున్న ముసలిచెట్లు కఱవైనవి. అది చాలదన్నట్లు, సుమారు 1886లో పంజరపుపక్షిగా తెచ్చిన మన రామచిలుక తప్పించుకొనిపోయి అచ్చట వృద్ధిపొంది, ఆ మిగిలిన తొఱ్ఱలకై తన జ్ఞాతితోనే పోరాడెను. 1986 నాటికి అడవిలో మిగిలిన ఆకుపచ్చ చిలుకలు ఎనిమిదికిని పండ్రెండునకును నడుమ నుండెను.

1979లో అచ్చటికి వచ్చిన కార్లు జోన్సు అను వేల్సుదేశస్థుడును, ఆ ద్వీపవాసులును కలిసి దీనిని నిలిపిరి. గూటికి ఎలుక చేరకుండ కాపు పెట్టిరి, తొఱ్ఱలకు బదులు కొయ్యపెట్టెలు కట్టిరి, మేత పెట్టిరి. గుడ్లు రెండు మూడు పొదిగినను తల్లి యొక పిల్లనే సాకగలుగుట వాడుక. కావున చావబోవు పిల్లను తీసి చేతితో పెంచి అడవికి విడిచిరి. 2019 నాటికి వాని సంఖ్య ఏడువందలు దాటెను.

ఆ దేశమున చుట్టములున్నవారు మీలో నెవరైన అచ్చటి కేగినచో, నల్లనది లోయల వనమున చిలుక కనబడవచ్చును. పెరిగిన ఆడుపక్షి ముక్కు చూడుడు. ఎఱ్ఱగా నున్నచో అది మనవూరినుండి పోయినది. నల్లగా నున్నచో ఆ దీవి సొంతబిడ్డ.