పాటలో మిగిలిన దాయాదుల పోరు

కర్ణాటకలోని నిడుగల్లు కొండెక్కితే పాత కోటగోడలు పలకరిస్తాయి. ఇక్కడ ఏలిన చోళులు తమది కరికాలుడి వంశమనీ, ఒరయూరు తమ తొలి ఊరనీ శాసనాల్లో చెక్కించుకున్నారు. బిరుదులు రాతికెక్కాయి గానీ, వాళ్ల యుద్ధాలను ఎవరైనా పాడగా నేను వినలేదు. వాళ్లు ఏలిన కాలంలోనే, 12వ శతాబ్దిలో, కృష్ణకు దక్షిణాన పల్నాడు రెండు ముక్కలైంది. ఆ కథ మాత్రం నేటికీ గొంతుల్లోనే ఉంది.

గురజాలలో నలగామరాజు, మాచర్లలో మలిదేవరాజు. ఒక తండ్రి బిడ్డలే. నలగామరాజు వెనక మంత్రి నాగమ్మ, మలిదేవరాజు వెనక మంత్రి బ్రహ్మనాయుడు. కోడిపందెంలో ఓడి మాచర్లవాళ్లు ఏడేళ్లు వలసపోయారు. గడువు తీరాక రాయబారం వెళ్లిన అలరాజుకు విషం పెట్టారు. 1180 ప్రాంతంలో కారంపూడి దగ్గర, నాగులేటి ఒడ్డున ఇరువైపులవాళ్లూ తెగిపడ్డారు.

ఈ కథను చెప్పే పాటకు ఒక కర్త లేడు. తరతరాలుగా దాన్ని మోసింది వీరవిద్యవంతులనే మాల కులస్థులు. చేత కత్తి, డాలు. పక్కన పంబ, తిత్తి వాద్యాలు. బ్రహ్మనాయుడు కొడుకుగా చూసుకుని దండు నడపనిచ్చిన కన్నమదాసుదీ ఆ కులమే. అందుకే పాట మాచర్ల పక్షాన నిలిచింది, నాగమ్మ మాయలమారి అయింది. ఆ రోజుల్లో ఒక ఆడమనిషి మంత్రాంగం నెరపడమంటే మాటలా? గురజాలవైపు గొంతొకటి మిగిలుంటే ఆమె కథ వేరేగా వినేవాళ్లమేమో.

15వ శతాబ్దిలో శ్రీనాథుడు ఈ కథను మంజరీ ద్విపదలో కావ్యంగా పెట్టాడంటారు. పాదానికి మూడు ఇంద్రగణాలు, ఒక సూర్యగణం. యతి ఉంటుంది, రెండు పాదాలను ముడివేసే ప్రాస ఉండదు. ముడి తెగిన అన్నదమ్ముల కథకు ముడి లేని ఛందస్సు! కాకతాళీయమే కావచ్చు, నాకు మాత్రం నచ్చుతుంది. ఆ కావ్యాన్ని అక్కిరాజు ఉమాకాంతం 1911లో అచ్చు వేయించారు. ఇదే కథ రెండుసార్లు సినిమా అయినప్పుడు 1947లో గాలిపెంచల నరసింహారావు, 1966లో సాలూరి రాజేశ్వరరావు బాణీలు కట్టారు. మొదటి సినిమా వచ్చింది దేశం రెండైన ఏడాదే.

సినిమా పాటలు ఎక్కడైనా దొరుకుతాయి. విద్యవంతుల గొంతు వినాలంటే కార్తీక అమావాస్యకు కారంపూడి వెళ్లండి. ఉత్సవం ఐదు రోజులు: రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు. మందపోరు నాడు బ్రహ్మనాయుడి చాపకూడును తలచుకుంటూ అన్ని కులాలవాళ్లూ ఒకే పంక్తిలో కూర్చుని తింటారు.