మైనస్ పద్దెనిమిది దగ్గర ఆగిన కాలం

కథల్లో కాలాన్ని ఆపే విద్య తెలిసినవాడికి ఒక సౌకర్యం ఉంటుంది. లోకమంతా ఎక్కడిదక్కడ కొయ్యబారిపోతే అతనొక్కడే తిరుగుతాడు. కావలసింది తీసుకుంటాడు, తీరిగ్గా ఆలోచించుకుంటాడు. ఆ విద్యకు బాగా దగ్గరగా వచ్చే వ్యాపారం విశాఖపట్నంలో దశాబ్దాలుగా నడుస్తోంది: గంటల్లో పాడైపోయే రొయ్యను గడ్డకట్టించి, నెలల తరబడి నిలవబెట్టి, అమెరికాకో జపాన్‌కో ఓడ ఎక్కించడం. ఇటీవలి సంవత్సరాల్లో సముద్రోత్పత్తుల ఎగుమతి విలువలో దేశంలో మొదటి స్థానానికి చేరిన రేవు ఇది. ఈ చరిత్రను టన్నుల్లో, డాలర్లలో చెప్పుకోవడం మనకు అలవాటు. ఆ లెక్కల్లో కనబడని సంగతి ఒకటుంది. గడ్డకట్టించే యంత్రం రొయ్యను నిలవబెడుతూనే, బేరంలో ఎవరు ఆగగలరో, ఎవరు ఆగలేరో కూడా తేల్చేసింది.

ఐసు రాకముందు ఈ తీరంలో కుళ్లును వాయిదా వేసినవి ఎండా, ఉప్పూ. ఎండకు ఎవరి అనుమతీ అక్కర్లేదు. ఉప్పు మీద మాత్రం సర్కారు పన్ను ఉండేది. అందుకే మద్రాసు ప్రెసిడెన్సీలో 19వ శతాబ్దం చివరి దశాబ్దాల్లో చేపలకు ఉప్పు పట్టించే యార్డులు వెలిశాయి; పన్ను లేని ఉప్పు కావాలంటే పట్టిన చేపను ఆ కంచె లోపలికి మోసుకెళ్లాలి. అంటే చేపను నిలవబెట్టే శక్తి మీద అజమాయిషీ పాత సంగతే, కొత్తగా కోల్డ్ స్టోరేజీతో పుట్టింది కాదు. అయినా ఎండుచేప, ఎండురొయ్య చాలావరకు జాలరి ఇంటి ఆడవాళ్ల చేతిలోనే ఉండేవి. ఇవాళ ధర లేకపోతే రేపటి సంతకు మోయవచ్చు. చిన్నదే కావచ్చు, ఆ ఆగే వెసులుబాటు వాళ్లదే.

గడ్డకట్టించే పద్ధతి వేరే తరహాది. నెమ్మదిగా చల్లబరిస్తే కండలో పెద్ద మంచు పలుకులు ఏర్పడి కణాలను చీలుస్తాయి; కరిగించినప్పుడు రసమంతా కారిపోతుంది. త్వరగా గడ్డకట్టిస్తే పలుకులు చిన్నవిగా ఉండి రుచి నిలుస్తుంది. చల్లని లోహపు పలకల మధ్య ఆహారాన్ని ఒత్తి ఆ పని చేయించే పద్ధతిని 1920ల్లో అమెరికాలో క్లారెన్స్ బర్డ్స్‌ఐ వాడుకలోకి తెచ్చాడు. మన దేశం నుంచి గడ్డకట్టిన రొయ్య ఎగుమతి 1953లో కొచ్చిన్ నుంచి అమెరికాకు మొదలైంది. విశాఖలో 1970ల్లో చేపల రేవు ఏర్పడ్డాక పెద్ద ట్రాలర్లు బెంగాల్ తీరంలోని శాండ్‌హెడ్స్ దాకా వేటకు వెళ్లేవి. రొయ్య తలలోని ఎంజైములు కండను త్వరగా చెడగొడతాయి కాబట్టి పడవ మీదే తల తీసి, అక్కడే గడ్డకట్టించి, వారాల తర్వాత తిరిగొచ్చేవి. ఫ్రీజర్ లేని చిన్న పడవకు అంత దూరం, అన్నాళ్లు సాధ్యం కాదు. తర్వాత రొయ్యల సాగు చెరువులు వచ్చాయి, టైగర్ రొయ్య వచ్చింది, దాన్ని చంపే తెల్లమచ్చ తెగులు వచ్చింది, 2009 తర్వాత వనామీ అనే రొయ్య రకం వచ్చింది. సరుకు మారినా చివరికి చేరేది అదే పలకల మధ్యకు.

ఆగే బలం ఎటు చేరిందో కష్టకాలంలో బయటపడుతుంది. 2020 లాక్‌డౌన్‌లో రొయ్యల శుద్ధి ప్లాంట్లకు కూలీలు తగ్గారు, ధర జారింది, రైతులు భయంతో ముందే పట్టుబడి చేశారు. ప్రభుత్వం కౌంట్ (కిలోకు ఎన్ని రొయ్యలన్న లెక్క) వారీగా ధరలు ప్రకటించాల్సి వచ్చింది. 2025 ఏప్రిల్‌లో అమెరికా కొత్త సుంకాలు ప్రకటించినప్పుడు అవి పూర్తిగా అమలు కాకముందే చెరువు గట్టు మీద ధర పడిపోయింది. రాబోయే నష్టాన్ని ముందే వసూలు చేసుకోగలిగింది కొనేవాడే. రైతు చెరువులో రొయ్య మేత తింటూనే ఉంటుంది, తెగులు భయం రోజూ ఉంటుంది, ఒకసారి వల వేశాక ఆ పూటే అమ్మాలి.

ఫ్రీజర్ లేకపోతే రొయ్యకు ఇంత ధరే లేదు కదా అనవచ్చు. నిజమే. దూరదేశపు ధర ఈ తీరానికి వచ్చిందీ, ప్లాంట్లలో వేలమంది మహిళలకు పని దొరికిందీ దానివల్లే. నేను కాదంటున్నది సంపద పెరిగిందన్న మాటను కాదు, పెరిగిన సంపదతో పాటు బేరమాడే బలమూ అందరికీ పెరిగిందన్న నమ్మకాన్ని. అసలు గడ్డకట్టిన సరుకును నిలవ ఉంచే మైనస్ 18 డిగ్రీల్లో కాలం ఆగదని శాస్త్రం తెలిసినవారు అభ్యంతరం చెబుతారు. అదీ నిజమే: బాక్టీరియా చావదు, పెరగడం మానుతుంది; కొవ్వు మెల్లగా చేదెక్కుతుంది; ఆరిపోకుండా రొయ్య చుట్టూ పలచని మంచుపొర పోయాలి. పైగా ఆ చలిని ప్రతి నిమిషం కరెంటుతో కొనాలి. విశాఖ ఉక్కు కర్మాగారంలో గోదావరి, కృష్ణ అనే బ్లాస్ట్ ఫర్నేసులను చల్లారనివ్వకుండా కాచుకున్నట్టే, ఇక్కడ చల్లదనాన్ని తప్పించుకోనివ్వకుండా కాచుకోవాలి. ఇది నా వాదనకే బలం. నెలల తరబడి కరెంటు బిల్లు కట్టగలిగినవాడికే ఆగే హక్కు.

మరి రైతులకే శీతల గిడ్డంగులు కట్టిస్తే సరిపోదా? గిడ్డంగి ఒక్కటే చాలదు. 1997లో యూరోపియన్ యూనియన్ పరిశుభ్రత లోపాలు చూపి మన చేపల దిగుమతిని ఆపేసింది. ఆ తర్వాత నీరు, ఐసు, ఒలిచే గదులు అన్నీ నిబంధనల ప్రకారం మార్చుకుని అనుమతి సంఖ్య తెచ్చుకున్న ప్లాంటు నుంచే సరుకు అక్కడికి వెళ్లాలి. చెరువు దగ్గర గిడ్డంగిలో పెట్టిన రొయ్యకు ఆ సంఖ్య ఉండదు. అందువల్ల రైతుల సంఘాలు అడగవలసింది గిడ్డంగి ఒక్కటే కాదు, అనుమతి ఉన్న ప్లాంటులో తమ పేరు మీద సరుకును శుద్ధి చేయించుకుని, అద్దె కట్టి నిలవ ఉంచుకునే వీలు, ఆ నిలవ మీద బ్యాంకు అప్పు.