సల్సు యుద్ధంలో ఆనకట్ట ఉందా?

క్రీ.శ. 612లో కొగుర్యో సేనాని ఉల్జి ముందొక్ సల్సు నదికి అడ్డుకట్ట వేయించాడని, చైనా సుయ్ సైన్యం నీళ్లలో దిగగానే కట్ట తెంచి ముంచేశాడని ఒక కథ కొరియాలో బాగా వ్యాప్తిలో ఉంది. పాత గ్రంథాలు చూస్తే ఆ కట్ట జాడ కనిపించదు.

ఏడో శతాబ్దంలో రాసిన సుయ్ వంశ చరిత్ర, 1145లో కిమ్ బుసిక్ పూర్తిచేసిన సాంగుక్ సాగి ఈ యుద్ధానికి ముఖ్యమైన ఆధారాలు. వాటి ప్రకారం సుయ్ సైనికులకు 100 రోజుల తిండిగింజలు, ఆయుధాలు, గుడారాలు కలిపి మోయమని ఇచ్చారు. మోయలేక చాలామంది గింజల్ని గుడారాల కిందే పాతిపెట్టారు. దారి సగంలోనే తిండి అయిపోవచ్చింది. కొగుర్యో రాజధాని ప్యాంగ్యాంగ్‌కు 30 లీల (లీ అంటే పాత చైనా దూరపు కొలత) దూరం దాకా వెళ్లి, ఆకలితో వెనుదిరిగారు. సల్సు దగ్గర సైన్యంలో సగం నది దాటాక కొగుర్యో సేన వెనకనుంచి పడింది. లియావో నది దాటి వచ్చిన 3,05,000 మందిలో 2,700 మందే తిరిగి చేరారని లెక్క. రాజాస్థాన చరిత్రకారుల అంకెలు కాబట్టి అక్షరాలా నమ్మలేం. ఓటమి ఘోరమైనదనడంలో మాత్రం అనుమానం లేదు.

జానపదం కూడా కట్టను గుర్తుపెట్టుకోలేదు. 1530 నాటి భౌగోళిక గ్రంథంలో ఏడుగురు బౌద్ధ భిక్షువుల ఐతిహ్యం ఉంది. వాళ్లు బట్టలు పైకి పట్టుకుని నది దాటడం చూసి, లోతు లేదనుకుని దిగిన సుయ్ సైనికులు మునిగిపోయారట. యుద్ధం జరిగింది చాంద్రమానం ఏడో నెలలో, అంటే వానలు పడే రోజుల్లో. పొంగే నదికి హడావుడిగా కట్ట వేయడం సాధ్యమయ్యే పనిగా నాకు తోచదు.

నీటిని ఆపి వదిలిన యుద్ధం మరొకటి ఉంది. 1018 చివర ఖితాన్ల దండయాత్రలో కొర్యో సేనాని కాంగ్ గామ్‌చాన్ హుంగ్‌హ్వాజిన్ దగ్గర ఎద్దుతోళ్లను పెద్ద తాళ్లకు గుచ్చి, కోటకు తూర్పున ఉన్న వాగును ఆపాడు. కొండలోయలో 12,000 మంది ఆశ్వికుల్ని దాచాడు. శత్రువు రాగానే నీళ్లు వదిలి, పొంచి ఉన్నవాళ్లను ఉసిగొల్పాడు. ఇది 1451 నాటి కొర్యో చరిత్ర గ్రంథం కొర్యోసాలో ఉంది. నీళ్లలో ఎందరు పోయారో అందులో లేదు. చలికాలపు వాగు ఒక సైన్యాన్ని ముంచలేదు; వరసల్ని చెదరగొట్టగలదు. ఆ పైపని గుర్రపు దండుది. మరుసటి ఏడాది గ్విజులో దక్కిన పెద్ద గెలుపులో ఈ ఉపాయం లేనే లేదు. అక్కడ దక్షిణంనుంచి వానతో వచ్చిన గాలి కలిసివచ్చింది. హుంగ్‌హ్వాజిన్ వాగు జ్ఞాపకమే తర్వాత గ్విజుకూ, ఇంకా వెనక్కి సల్సుకూ పాకి ఉంటుందని నా ఊహ.

కాంక్రీటు ఆనకట్ట ఉన్న కాలంలోనూ తీరు పెద్దగా మారలేదు. కొరియా యుద్ధంలో 1951 ఏప్రిల్ 9న పుఖాన్ నది మీది హ్వాచోన్ ఆనకట్ట గేట్లు తెరిచినప్పుడు, దిగువన ఐక్యరాజ్యసమితి సేనల తేలుడు వంతెనలకు ఆటంకం కలిగింది. సేనలు కొట్టుకుపోలేదు. మే 1న అమెరికా నౌకాదళ విమానాలు టార్పెడోలతో ఆ గేట్లను పగలగొట్టాయి.

సల్సును ఆకలిగొన్న సైన్యం మీద, నది నడుమ, అదును చూసి చేసిన దాడిగానే పాఠ్యపుస్తకాల్లో చెప్పాలి.