రోళ్లపాడు బట్టమేక అభయారణ్యం: కంచె లోపలి గడ్డి, బయటి పొలం

నంద్యాల జిల్లాలోని రోళ్లపాడు అభయారణ్యం విస్తీర్ణం 6.14 చదరపు కిలోమీటర్లు. 1988లో దీన్ని ప్రధానంగా బట్టమేక పిట్ట (ఆర్డియోటిస్ నైగ్రిసెప్స్) కోసం ప్రకటించారు. నల్లమల అడవులు మరీ దూరంలో లేకపోయినా ఇది అడవి కాదు. గడ్డి, అక్కడక్కడ ముళ్లపొదలు ఉన్న మెట్టనేల. ఇలాంటి చోట చెట్లు నాటడం మేలు కాదు, కీడు. ఇక్కడ బట్టమేకను బతికించింది ఒక్క రక్షిత గడ్డిభూమే కాదని, చుట్టుపక్కల మెట్టసేద్యం కూడా అంతే ముఖ్యమని ఈ వ్యాసం వాదన. గడ్డికి కాపలా దొరికింది, సేద్యానికి దొరకలేదు.

మగ బట్టమేక 15 కిలోల దాకా తూగుతుంది. ఆడపిట్ట సాధారణంగా ఒకే గుడ్డు పెడుతుంది. గూడు కట్టదు, ఒట్టి నేల మీద పెట్టి దాదాపు నాలుగు వారాలు పొదుగుతుంది. పశువులు తొక్కినా, కుక్క పసిగట్టినా ఆ గుడ్డు పోయినట్టే. అందుకే మేతను ఆపి గడ్డిని కాపాడటం గుడ్డుకు ఉపకరించింది. ఆకలి సంగతి వేరు. మిడతలు, పేడపురుగులు, తొండలు, రేగుపళ్లు, వేరుశనగ, పప్పుధాన్యాలు: ఏది దొరికితే అది తినే ఈ పిట్టకు ఆరు చదరపు కిలోమీటర్లు ఏ మూలకు? అది చేలల్లోకి వెళ్లక తప్పదు.

బాంబే నేచురల్ హిస్టరీ సొసైటీ తరఫున అసద్ రహమానీ, రంజిత్ మనకదన్ ఇక్కడ చేసిన పరిశోధనలో ఈ చిక్కు కనిపిస్తుంది. మేత ఆగిన గడ్డిలో కృష్ణజింకలు పదుల నుంచి వందలకు పెరిగి పైర్ల మీద పడ్డాయి. పేరు పిట్టది, మేత జింకది. రైతు కోపం మాత్రం అభయారణ్యం మీద. ఇంతలో అలగనూరు జలాశయం, కాలువలు వచ్చి సాగు తీరు మార్చాయి. నీరు వచ్చిన రైతు జొన్న, కొర్ర విడిచి డబ్బు పంటకు మళ్లడంలో తప్పేమీ లేదు. కానీ పత్తికి కొట్టే మందు మిడతను కూడా చంపుతుంది. శీతకాలంలో వలస వచ్చి రాత్రిళ్లు ఈ గడ్డిలోనే గుంపులుగా విశ్రమించే పిల్లిగద్దలకూ మిడతలే ప్రధాన ఆహారం.

మధ్యప్రదేశ్‌లోని కరేరాలోనూ ఇంతే: జింకలు పెరిగాయి, జనం ఎదురు తిరిగారు, బట్టమేక కనుమరుగైంది. రెండుచోట్లా ఒకే పొరపాటు జరిగిందంటే దాన్ని స్థానిక నిర్వహణ లోపంగా కొట్టిపారేయలేం.

రాజస్థాన్‌లో 2019 నుంచి బట్టమేకలను పెంపక కేంద్రంలో సాకుతున్నారు. ఆ పిల్లల్ని ఎప్పుడైనా రోళ్లపాడుకు తెద్దామనుకుంటే, ముందు కంచె అవతలి లెక్క తేలాలి. చుట్టుపక్కల ఎన్ని ఎకరాల్లో మెట్టపంట మిగిలింది? జింక తిన్న పైరుకు పరిహారం ఎన్నాళ్లకు అందుతోంది? బరువైన ఈ పిట్ట ఎదురుగా ఉన్న తీగను సరిగా చూడలేదు కాబట్టి, విద్యుత్ లైన్లు ఏ దారిన పోతున్నాయి?