నాష్‌విల్‌లో ముందే జరిగిన సాధన

1960 ఫిబ్రవరి 1న అమెరికాలోని గ్రీన్స్‌బరోలో నలుగురు నల్లజాతి విద్యార్థులు ఊల్‌వర్త్ దుకాణంలోని లంచ్ కౌంటర్ దగ్గర కూర్చుని కాఫీ అడిగారు. అక్కడ తెల్లజాతీయులకు మాత్రమే వడ్డించేవారు. వాళ్లు కాఫీ రాకపోయినా దుకాణం మూసేదాకా కదల్లేదు. రెండు నెలల్లోనే బైఠాయింపులు దక్షిణాది పట్టణాలెన్నింటికో పాకాయి. ఇదంతా ఉన్నట్టుండి ఎగసిన ఆగ్రహమని చెప్పుకోవడం పరిపాటి. ఆధారాలు చూస్తే ఆ మాట సగమే నిజం.

1958లోనే విచిటా, ఓక్లహోమా సిటీల్లో నల్లజాతి యువత ఇలాగే బైఠాయించి కౌంటర్లు తెరిపించింది. నాష్‌విల్ సంగతి ఇంకా స్పష్టం. అహింసా ఉద్యమకారుడు జేమ్స్ లాసన్ 1950లలో సుమారు మూడేళ్లు మన నాగపూర్‌లోని హిస్లాప్ కాలేజీలో పనిచేస్తూ గాంధీజీ సత్యాగ్రహ పద్ధతిని శ్రద్ధగా చదివారు. 1959లో నాష్‌విల్ విద్యార్థులకు ఆయన శిక్షణ మొదలుపెట్టారు. కొందరు దౌర్జన్యకారుల్లా నటిస్తూ తోటివారిని తిట్టేవారు, తోసేవారు. మిగిలినవారు చెయ్యెత్తకుండా, తల కాచుకుంటూ ఓర్చుకోవడం సాధన చేసేవారు. ఆ నవంబరు, డిసెంబరుల్లోనే రెండు దుకాణాలకు వెళ్లి పరిస్థితి పరీక్షించి వచ్చారు. అప్పటికి గ్రీన్స్‌బరో వార్త పుట్టనే లేదు.

బైఠాయింపుల వెనుక చర్చిలు, కాలేజీలు, నల్లజాతివారి హక్కుల సంస్థ ఎన్‌ఏఏసీపీ శాఖల బలం ఉందని 1981లో సామాజిక శాస్త్రవేత్త ఆల్డన్ మారిస్ వాదించారు. 2006లో పరిశోధకులు ఆండ్రూస్, బిగ్స్ చేసిన విశ్లేషణ కొంత వేరే దారి పట్టింది. ఉద్యమం ఊరి నుంచి ఊరికి పాకడంలో పత్రికల వార్తలదే పెద్దపాత్ర అని, ఊళ్ల మధ్య వ్యక్తిగత పరిచయాల ప్రభావానికి ఆధారం తక్కువేనని వారు తేల్చారు. అయితే కార్యకర్తల బృందం ఉన్నచోటే బైఠాయింపుకు అవకాశం ఎక్కువన్నది వారి లెక్కల్లోనూ కనిపించింది. వార్త ప్రేరణ ఇచ్చింది, సన్నద్ధత నిలబెట్టింది అనుకోవడమే నాకు సబబుగా తోస్తోంది.

ఫిబ్రవరి 27న నాష్‌విల్‌లో ఆ సన్నద్ధతకు పరీక్ష ఎదురైంది. దుండగులు విద్యార్థులను కొట్టారు. పోలీసులు అరెస్టు చేసింది మాత్రం సుమారు 80 మంది విద్యార్థులను. ఒక వరుసను లాక్కెళ్తే ఆ సీట్లలో మరో వరుస వచ్చి కూర్చుంది. ఆ పిల్లల నిబ్బరాన్ని కేవలం ఆవేశంతో వివరించలేం.

నాష్‌విల్ విజయానికి కారణం ఈ సన్నద్ధత ఒక్కటే అనడానికీ లేదు. నల్లజాతి కుటుంబాలు ఈస్టర్ కొనుగోళ్లను బహిష్కరించాయి. ఏప్రిల్ 19న విద్యార్థుల తరఫు న్యాయవాది లూబీ ఇంటిపై బాంబు పడడంతో వేలమంది నగర కార్యాలయానికి ఊరేగింపుగా నడిచారు. వీటిలో దేని బరువెంతో విడదీసి తూచలేం. మే 10న నాష్‌విల్‌లో ఆరు దుకాణాలు నల్లజాతివారికి వడ్డించడం మొదలుపెట్టాయి.