మన చియ్యల పలావుకు హైదరాబాద్ పుట్టిల్లు కాదు



పోయిన కమిటీ సమావేశంలో ఉగాది విందు గురించి మాట వచ్చింది. పండుగనాడు శాకాహారమే, అందులో ఎవరికీ పేచీ లేదు. తరువాతి ఆదివారం కుటుంబాలతో పెట్టుకునే భోజనం దగ్గరే చిక్కంతా. "మనం తెలుగువాళ్ళం గదా అన్నా, ఈసారైనా తెలుగువాళ్ళ బిరియానీ పెడదాం. హైదరాబాద్ వంటవాళ్ళను పిలిపిద్దాం. ఈ సీరగ సంబా అన్నం అరవవాళ్ళది, ఎప్పుడూ తినేదే" అని మన యువజన విభాగం తమ్ముడొకడు అన్నాడు. చప్పట్లు కూడా పడ్డాయి. నేను ఆ పూట నోరు తెరవలేదు. ఇంటికొచ్చాక మనసు ఊరుకోలేదు. పొడుగైనా సరే, ఓపిక చేసుకుని చదవండి.

తమ్ముడి మీద నాకు కోపం లేదు. వాడి మాట వెనక ఉన్న లెక్క మీదే నా అభ్యంతరం. తెలుగు అంటే హైదరాబాదో విజయవాడో అనీ, అక్కడిది అసలు, మన దగ్గర ఉన్నది కలుషితం అనీ మనమే పిల్లలకు నేర్పుతున్నాం. మన భాషను చూసి అక్కడివాళ్ళు నవ్వితే బాధపడతాం. మన వంట దగ్గరికొచ్చేసరికి ఆ నవ్వు మనమే నవ్వుతున్నాం.

ముందు ఏండ్ల లెక్క చూద్దాం. విజయనగర రాకుమారుడు కుమార కంపన మదురై మీదికి దండెత్తింది 1371 ప్రాంతంలో. విశ్వనాథ నాయకుడు మదురైలో పాలన మొదలుపెట్టింది 1529లో అని చరిత్ర పుస్తకాల్లో ఉంటుంది. మన కుటుంబాల్లో చాలావరకు ఆ దండయాత్రలతో, ఆ తరువాతి పాళెగాళ్ళ కాలంలో, నల్లరేగడి భూములు వెతుక్కుంటూ దక్షిణానికి దిగినవే. అందరూ ఒకేసారి రాలేదు, కొందరు తెల్లవాళ్ళ కాలంలో వచ్చారు, అది వేరే కథ. మరి హైదరాబాద్ కట్టింది ఎప్పుడు? 1591లో, మహమ్మద్ కులీ కుతుబ్‌షా. అక్కడ ఆసఫ్‌జాహీల ఏలుబడి మొదలైంది 1724లో. హైదరాబాదీ బిరియానీకి పేరు తెచ్చింది ఆ నిజాముల కాలపు వంటిళ్ళే. అంటే మన తాతముత్తాతలు చాలామంది బండ్లు కట్టుకుని ఇటు బయలుదేరిన నాటికి ఆ బిరియానీ మాట అటుంచండి, ఆ ఊరే లేదు. పుట్టని ఊరి వంటను మనం ఎక్కడ మరిచిపోయి వచ్చినట్టు?

అలాగని మనవాళ్ళు చియ్యలు ఎరగనివాళ్ళు కాదు. 1520 ప్రాంతంలో విజయనగరం చూసిన పోర్చుగీసు యాత్రికుడు డొమింగో పాయెస్, అక్కడ రోజూ కోసే గొర్రెలకు లెక్కే లేదనీ, వీధివీధినా మాంసం అమ్ముతారనీ, అది ఎంత శుభ్రంగా, కొవ్వు పట్టి ఉంటుందంటే పంది మాంసంలా కనబడుతుందనీ రాసుకున్నాడు. మాంసం తినే అలవాటు మనతోనే దిగింది. ఈ నేల మీదికొచ్చాక ఆ మాంసం ఈ నేల బియ్యంతో కలిసింది. తమిళ సంగ సాహిత్యంలో 'ఊన్ సోఱు' అనే మాట ఉంది. ఊన్ అంటే మాంసం, సోఱు అంటే అన్నం. మాంసం, అన్నం కలిపి తినడం ఇక్కడ ఏ సుల్తానూ రాకముందే తెలిసిన సంగతి. అదే బిరియానీకి తాత అని మాత్రం నేను అనను. అలా అనేవాళ్ళ ఫార్వర్డులు రోజూ వస్తున్నాయి. సంస్కృతంలో 'పలాన్నం' అని మాట ఉంది కాబట్టి పలావు మనదే అన్నది కూడా అలాంటిదే. పేర్లు పోలినంత మాత్రాన చుట్టరికం కలవదు.

బిరియానీ అన్న మాట పారశీకం. 'బిర్యాన్' అంటే వేయించినది, కాల్చినది. అక్బర్ కాలంలో అబుల్ ఫజల్ రాసిన ఐన్-ఇ-అక్బరీలో వంటల పట్టీ ఒకటి ఉంది, చదివితే తమాషాగా ఉంటుంది. అందులో 'బిర్యాన్' అన్నది అన్నం లేని మాంసం వంట. అన్నంతో చేసేదానికి 'దుజ్ద్‌బిర్యాన్' అని పేరు. దానికి కొలతలు కూడా ఇచ్చాడు: 10 సేర్ల బియ్యం, 10 సేర్ల మాంసం, మూడున్నర సేర్ల నెయ్యి, అర సేరు ఉప్పు. నెయ్యి లెక్క చూసి గుండె పట్టుకోకండి, అది పాదుషా వంటిల్లు. నాకు నచ్చింది మొదటి రెండు కొలతలు. బియ్యమెంతో మాంసమంత. మా అవ్వ కొలత కూడా అదే, ఆమె అక్బర్ పేరు విన్నదో లేదో. పక్కనే ఉన్న ఖీమా పలావులో మిరియాలు, జీలకర్ర, ఏలకులు, లవంగాలు, అల్లం ఉన్నాయి. మిరపకాయ లేదు. అది అమెరికా ఖండం నుంచి పోర్చుగీసువాళ్ళు తెచ్చిన సరుకు, అప్పటికింకా అక్కడి వంటలో చేరలేదు. కాబట్టి పచ్చిమిరపకాయలు నూరి పోసే మన పలావు అచ్చంగా మొఘలాయీది అనడానికీ కుదరదు.

మరి మన ఇళ్ళకు ఎలా వచ్చింది? ఉత్తరాన ఆర్కాటు నవాబుల వైపు నుంచి ఆంబూరు, వాణియంబాడి దారి ఒకటి. మన దిండుక్కల్, మదురై వైపు కథ వేరు. ఇక్కడ 14వ శతాబ్దంలోనే మదురై సుల్తానుల పాలన నడిచింది. రావుత్తర్ కుటుంబాలు తరతరాలుగా ఉన్నాయి, వాళ్ళ ఇంటి భాష తమిళమే. 1755లో మైసూరు తరఫున దిండుక్కల్‌కు ఫౌజ్‌దారుగా వచ్చింది హైదర్ అలీ. 1792 శ్రీరంగపట్నం సంధితో ఆ సీమ కుంపిణీ చేతికి పోయేదాకా, మధ్యలో కొంత విరామం తప్ప, కోట మైసూరుదే. ఇంకొకటి గమనించాను. ఆంబూరు, వాణియంబాడి, దిండుక్కల్ మూడూ తోళ్ళు పదునుచేసే ఊళ్ళు. మేకతోలు వ్యాపారం ఉన్నచోట మేకమాంసానికి కరువుండదు, ఆ వ్యాపారంలో ముస్లింలు ఎక్కువ. బిరియానీ పేరు మోసిన ఊళ్ళూ, తోళ్ళ ఊళ్ళూ ఒకటే కావడం ఊరికే జరగలేదని నా అభిప్రాయం. మనవాళ్ళు నేర్చుకున్నది నవాబు వంటింట్లో కాదు. పక్క వీధి పెళ్ళిలో నేర్చుకున్నారు.

ఇక అందరికీ తెలిసిన తలప్పాకట్టి సంగతి. నాగస్వామి నాయుడు గారు 1957లో దిండుక్కల్‌లో ఆనంద విలాస్ బిరియానీ హోటల్ పెట్టారు. తలకు పాగా చుట్టుకుని కూర్చునేవారు కాబట్టి ఆ పాగా పేరే హోటల్ పేరైపోయింది. "చూశారా, బిరియానీ మన నాయుడిదే" అని మన గ్రూపుల్లో మీసం తిప్పేవాళ్ళున్నారు. ఆయన గొప్ప ఆయనదే, కాదనను. కానీ ఆయన వాడింది ఈ నేల సీరగ సంబా, అమ్మింది ఈ ఊరి జనానికి. హైదరాబాద్ రుచి తెచ్చిపెట్టి ఉంటే ఆ హోటల్ అంత పేరు తెచ్చుకునేదా అని నా అనుమానం.

మా ఇంట్లో దాన్ని బిరియానీ అనేవాళ్ళు కాదు. బిరియానీ హోటల్ మాట. అవ్వ 'చియ్యల పలావు' అనేది. వంటింట్లో చియ్యలు వండనిచ్చేది కాదు, పెరట్లో మూడు రాళ్ళ పొయ్యి. నేను ఇప్పుడు గ్యాస్ మీద చేస్తాను. కొలత అదే.

కిలో లేత పొట్టేలు మాంసం, ఎముకతో సహా, పక్కటెముకలు ఉంటే మంచిది. కిలో సీరగ సంబా. చెక్క, లవంగం, ఏలకులు, అనాసపువ్వు సగం, రాతిపువ్వు చిటికెడు, ఇవి కొద్దిగా వేడిచేసి పొడికొట్టాలి. రాతిపువ్వు ఎక్కువైతే చేదు. చిన్న ఎర్రగడ్డలు పావుకిలో, అల్లం, తెల్లగడ్డలు, పది పన్నెండు పచ్చిమిరపకాయలు, గుప్పెడు పుదీనా, గుప్పెడు కొత్తిమీర నూరుకోవాలి. టమాటా వద్దు, రంగు వద్దు, కుంకుమపువ్వు అసలే వద్దు. నూనె, నెయ్యి కలిపి కాగాక నూరినది వేసి, నూనె తేలేదాకా ఓపిగ్గా వేయించాలి. పచ్చివాసన పోకముందే మాంసం వేస్తే ఆ వాసన చివరిదాకా ఉంటుంది. తరువాత పొడి, మాంసం, అరకప్పు పెరుగు, ఉప్పు. నీళ్ళు పోసి ముప్పాతిక వంతు ఉడకనివ్వాలి.

అసలు కిటుకు ఇక్కడుంది. ఆ ఉడికిన రసాన్ని కొలవాలి. బియ్యం ఒక గ్లాసైతే రసమూ నీళ్ళూ కలిపి రెండు గ్లాసులు. అది తెర్లుతున్నప్పుడు, ఇరవై నిమిషాలు నానిన బియ్యం వడకట్టి వేయాలి. అన్నమూ రసమూ ఒకే మట్టంలో కనబడగానే నిమ్మరసం పిండి మూతపెట్టాలి. అవ్వ మూత మీద కొబ్బరి చిప్పల నిప్పులు పోసేది. నేను కింద దోసె పెనం పెట్టి, మూత మీద నీళ్ళ గిన్నె బరువు పెడతాను. సన్న సెగన ఇరవై నిమిషాలు, దించి ఇంకో పది నిమిషాలు. తెరిచి కలియబెట్టకూడదు, అంచు నుంచి పల్చటి గరిటెతో ఎత్తాలి. గింజ పొట్టిది, జీలకర్రంత సన్నది, కుళ్ళబొడిస్తే గంజి.

అన్నం రసంలోనే ఉడికి రసమంతా తాగేయడం పలావు పద్ధతి. హైదరాబాద్ కచ్చి పద్ధతిలో పచ్చి మాంసం మసాలాలో నానబెట్టి, దాని మీద సగం ఉడికిన పొడుగు బియ్యం పరిచి దమ్ము చేస్తారు. గొప్ప వంటే, నేనూ అక్కడికి వెళ్తే వదలను. కానీ ఆ పొడుగు బాస్మతి హిమాలయాల దిగువ పొలాలది. ఒకసారి నేను గొప్పకు పోయి సీరగ సంబాతో ఇంట్లో కచ్చి పద్ధతి చేశాను. మాంసం ఉడికేలోపు అన్నం ముద్దయింది. మా ఆవిడ దానికి చియ్యల పొంగలి అని పేరుపెట్టింది, చుట్టాలందరికీ ఫోన్లో చెప్పింది కూడా. బియ్యాన్ని బట్టే పద్ధతి. మన పెద్దవాళ్ళు దాన్ని పలావు అనడంలో పొరపాటేమీ లేదు, వంటశాస్త్రం ప్రకారం అదే సరైన పేరు.

అందుకే కమిటీకి నా విన్నపం: హైదరాబాద్ వంటవాళ్ళకు ఇచ్చే రానుపోను ఖర్చుతో మంచి పొట్టేళ్ళు కొందాం. తోటలో పొయ్యిలు పెడదాం. మన అక్కలు, వదినలు చెప్పినట్టు నూరడానికి, మోయడానికి ఆ తమ్ముడినీ, వాడి స్నేహితులనూ దింపుదాం. బోర్డు మీద 'చియ్యల పలావు' అని తెలుగులోనే రాయాలి. పక్కన పెరుగు ఎర్రగడ్డల పచ్చడి, దాల్చా. దాల్చాలో వంకాయ వేయాలా సొరకాయ వేయాలా అన్నది మాత్రం నేను తేల్చలేను. మా ఇంట్లోనే రెండు పార్టీలున్నాయి. మీ ఇళ్ళలో ఏది వేస్తారో, పలావును మీ అవ్వలు ఏ పేరుతో పిలిచేవాళ్ళో కింద రాయండి. ఆదివారం లోపు రాస్తే సరుకుల పట్టీలో చేరుస్తాను.