రఘుపతి వెంకయ్యగారి సాహసము



నేను ముప్పది యేండ్లు బడిలో చరిత్ర చెప్పితిని. రాజుల యుద్ధములు వల్లె వేయించితిని గాని రఘుపతి వెంకయ్యగారి పేరు ఒకనాఁడైనను తలఁపనైతిని. ఆ లోపమును నేఁడు కొంత తీర్చుకొనుచున్నాను.

బందరువారైన ఈయన చెన్నపట్టణమున ఛాయాచిత్రములు తీయుచు జీవించెడివారు. 1909 ప్రాంతమున తమ స్టూడియోను కుదువఁబెట్టి క్రోనోమెగాఫోను అను యంత్రమును తెప్పించిరి. తెరపై బొమ్మ కదలుచుండఁగా ప్రక్కన గ్రామఫోను పళ్ళెము పాడవలెను. రెండును జతకుదిరిననే వినోదము, తప్పినచో నవ్వులాట! దానిని వెంటఁబెట్టుకొని బర్మా, సింహళములదాఁక తిరిగిరి. పిమ్మట చెన్నపురిలో గెయిటీ థియేటరును కట్టించిరి. ఆ పట్టణమున భారతీయుఁడు కట్టిన మొదటి సినిమాశాల అదియే. క్రౌన్, గ్లోబ్ తరువాతివి.

అంతటితో ఊరకుండినచో సుఖముగా బ్రతికెడివారే. కాని తమ తెరపై పరులు తీసిన బొమ్మలే ఆడుట ఆయనకు రుచింపలేదు కాఁబోలు. కుమారుఁడు ప్రకాశును ఈ విద్యకై ఇంగ్లండు పంపిరి. 1921లో 'స్టార్ ఆఫ్ ది ఈస్ట్' అను సంస్థను పెట్టి 'భీష్మప్రతిజ్ఞ' అను మూకీ చిత్రమును తీయించిరి. దర్శకుఁడు ప్రకాశు, భీష్ముఁడును ప్రకాశే. తండ్రికొఱకు కొడుకు ప్రతిజ్ఞ పట్టిన కథనే ఈ తండ్రికొడుకులు ఎన్నుకొనుట నాకు ముచ్చటగా తోఁచును.

థియేటర్లు తెచ్చిన ధనము చిత్రములలో కరఁగెను. తుదకు థియేటర్లును చేజాఱెను. 1941లో ఆయన కన్నుమూసిరి. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము ఆయన పేర పురస్కారమును నెలకొల్పినది ఎన్నో యేండ్లకుఁ గాని కాదు.